గ్లకోమా, శుక్లం ఒకే కంట్లో ఉంటే హెచ్26.23- కోడ్ వేసేయొచ్చా?

మీ ప్రశ్నను ముందు క్లుప్తంగా చెప్పి మొదలుపెడతాను, తర్వాత చదివేవాళ్లకు కూడా పనికొస్తుంది. ఇది అమెరికా మెడికల్ కోడింగ్ ప్రశ్న, అంటే డాక్టర్ రాసిన జబ్బుకు ఐసీడీ-10-సీఎం (అమెరికాలో వాడే జబ్బుల కోడ్ జాబితా) నుంచి కోడ్ వేయడం. అమెరికాలోని ఒక కంటి క్లినిక్ చార్ట్. పేషెంట్ 71 ఏళ్ల మహిళ. అసెస్‌మెంట్‌లో డాక్టర్ రాసింది రెండే ముక్కలు: "కేటరాక్ట్ ఓడీ", "గ్లకోమా ఓడీ" (ఓడీ అంటే కుడి కన్ను). ఎగ్జామ్‌లో మాత్రం కుడి కంటి లెన్స్ దగ్గర "ఏఎస్‌సీ ఒపాసిటీస్" (యాంటీరియర్ సబ్‌క్యాప్సులర్, అంటే లెన్స్ ముందు పొర కింద మచ్చలు) అనీ, ఐరిస్ దగ్గర "సెక్టోరల్ అట్రోఫీ, పేటెంట్ పీఐ" (ఐరిస్‌లో కొంత భాగం క్షీణించింది, అందులో చేసిన రంధ్రం తెరిచే ఉంది) అనీ ఉంది. మీరు హెచ్26.231 (గ్లకోమాటస్ ఫ్లెక్స్, కుడి కన్ను), హెచ్40.9 (రకం చెప్పని గ్లకోమా) వేశారు, అదీ ఆ వరుసలోనే. ఆడిటర్ కోడ్‌కీ సీక్వెన్స్‌కీ (కోడ్‌ల వరుస) కలిపి రెండు ఎర్రర్లు పెట్టి, హెచ్26.221 (వేరే కంటి జబ్బు వల్ల వచ్చిన శుక్లం) వేసి ఉండాల్సిందన్నారు. రిబటల్ (ఆడిట్‌పై అభ్యంతరం) వేయొచ్చా, డాక్టర్‌కి క్వెరీ ఎలా రాయాలి అని మీ ప్రశ్న.

వేయొచ్చు, కానీ సగానికే గెలుస్తారు. మీరు వేసిన హెచ్26.231 నిలబడదు. ఆడిటర్ సూచించిన హెచ్26.221 కూడా నిలబడదు. ఆ చార్ట్ ఉన్నదున్నట్టుగా ఇచ్చేది హెచ్26.9 (రకం చెప్పని శుక్లం), హెచ్40.9 మాత్రమే. ఆ రెండూ పేలవమైన కోడ్‌లే. అందుకే ఇది డాక్టర్‌కి క్వెరీ (స్పష్టత కోరుతూ రాసే ప్రశ్న) పంపాల్సిన చార్ట్. ఎందుకో వివరంగా చూద్దాం.

(కోడ్‌లలోని అక్షరాలను ఇక్కడ తెలుగులో రాస్తున్నాను. హెచ్26.231 అంటే ఎన్‌కోడర్‌లో (కోడ్‌లు వెతికే సాఫ్ట్‌వేర్) మీరు రోజూ కొట్టే కోడే. చివర గీత ఉంటే ఇంకా అక్షరాలు నింపాలని అర్థం.)

హెచ్26.23- పేరు "గ్లకోమాటస్ ఫ్లెక్స్, సబ్‌క్యాప్సులర్". గ్లకోమా ఉన్న కంట్లో కనిపించే ప్రతి శుక్లానికీ ఇది వర్తించదు. ఇది చాలా ఇరుకైన ఒక క్లినికల్ గుర్తుకు పెట్టిన పేరు. కంటిలో ఒత్తిడి ఒక్కసారిగా బాగా పెరిగిపోయినప్పుడు, ముఖ్యంగా అక్యూట్ యాంగిల్ క్లోజర్ అటాక్‌లో (కంటిలోని ద్రవం బయటికి పోయే మూల హఠాత్తుగా మూసుకుపోవడం), లెన్స్ ముందు పొర కింద ఉండే ఎపిథీలియం కణాలు అక్కడక్కడా చచ్చిపోతాయి. ఆ చోట్ల బూడిద తెలుపు చుక్కలు, మరకలు మిగులుతాయి. ఇవి కంటిపాప పరిధిలోనే కనిపిస్తాయి. స్విట్జర్లాండ్ కంటి వైద్యుడు ఆల్ఫ్రెడ్ ఫోక్ట్ 1930లో వీటిని వర్ణించాడు. అందుకే చార్ట్‌లో కొందరు డాక్టర్లు జర్మన్ పేరుతో "గ్లకోమ్‌ఫ్లెకెన్" అని రాస్తారు. ఆ స్పెల్లింగ్‌తో ఎన్‌కోడర్‌లో వెతికితే ఏమీ దొరకకపోవచ్చు. ఇండెక్స్‌లో (జబ్బు పేర్ల అక్షర క్రమ జాబితా) "కేటరాక్ట్, కాంప్లికేటెడ్" కిందకు వెళ్లి చూడండి.

ఈ మచ్చలకు ఇంకో లక్షణం ఉంది, అది కోడర్‌కి బాగా పనికొస్తుంది. అటాక్ తగ్గినా మచ్చలు పోవు. లెన్స్ జీవితాంతం కొత్త పోగులు వేసుకుంటూనే ఉంటుంది కాబట్టి, ఏళ్లు గడిచేకొద్దీ అవి లోపలి పొరల్లోకి జరుగుతాయి. అంటే ఫ్లెక్స్ ఒకప్పుడు అటాక్ వచ్చి వెళ్లిందనడానికి పాత ఆనవాలు కూడా కావచ్చు. వాటితోపాటు ఐరిస్‌లో కొంత భాగం అట్రోఫీ కావడం, కంటిపాప కాస్త పెద్దదై వెలుగుకు సరిగా స్పందించకపోవడం కూడా ఉంటే మూడింటినీ కలిపి ఫోక్ట్ ట్రయాడ్ అంటారు. మీ చార్ట్‌లో సెక్టోరల్ అట్రోఫీ ఉంది, లేజర్ ఐరిడాటమీ చేసిన రంధ్రమూ ఉంది. క్లినికల్‌గా చూస్తే మీ ఊహ సరైనదే కావచ్చు. కానీ ఊహను కోడ్ చేయలేం. "యాంటీరియర్ సబ్‌క్యాప్సులర్ ఒపాసిటీ" అన్నది అది ఎక్కడ ఉందో చెబుతుంది, ఎందుకు వచ్చిందో చెప్పదు. అదే చోట మచ్చ రావడానికి వేరే కారణాలు బోలెడు. దెబ్బ తగలొచ్చు, ఐరైటిస్ రావొచ్చు. ఎకోథయోఫేట్ లాంటి పాత తరం చుక్కల మందులు వాడి ఉండొచ్చు. అమియోడరోన్, క్లోర్‌ప్రోమజైన్ వాడినవాళ్ల లెన్స్ ముందు భాగంలో కూడా పదార్థం పేరుకుంటుంది. వయసుతో వచ్చే రకానికి వేరే కోడే ఉంది, హెచ్25.03-. వీటిలో ఏదన్నది డాక్టర్ రాయాలి.

ఇప్పుడు ఆడిటర్ చెప్పిన హెచ్26.221 సంగతి. అది "కేటరాక్ట్ సెకండరీ టు ఆక్యులర్ డిజార్డర్స్". సెకండరీ అంటే కంటిలోని వేరే జబ్బు వల్ల శుక్లం వచ్చిందని డాక్టర్ నోటితో రావాలి. ఒకే కంట్లో రెండు జబ్బులున్నంత మాత్రాన ఒకటి ఇంకోదాని వల్ల వచ్చినట్టు కాదు. ఇక్కడ చాలామంది డయాబెటిస్ నియమంతో గందరగోళపడతారు. ఐసీడీ-10-సీఎం గైడ్‌లైన్స్ సెక్షన్ 1.ఏ.15 ప్రకారం ఇండెక్స్‌లో "విత్" అనే పదం కింద కలిపి ఉన్న రెండు జబ్బుల మధ్య సంబంధం ఉన్నట్టే భావించాలి, డాక్టర్ స్పష్టంగా కాదంటే తప్ప. అందుకే టైప్ 2 డయాబెటిస్ ఉండి శుక్లం ఉంటే ఈ11.36 పడుతుంది. డయాబెటిస్ కింద "విత్ కేటరాక్ట్" అని ఇండెక్స్‌లో ఉంది కాబట్టే ఆ అవకాశం. గ్లకోమా, శుక్లం మధ్య అలాంటి వంతెన లేదు. "కాంప్లికేటెడ్ కేటరాక్ట్" కింద "విత్ ఆక్యులర్ డిజార్డర్" అన్న లైన్ చూపించి వాదించేవాళ్లు ఉన్నారు. కానీ అక్కడికి వెళ్లాలంటే ముందు అది కాంప్లికేటెడ్ కేటరాక్ట్ అని డాక్టర్ తేల్చి ఉండాలి. మీ రిబటల్‌కు ఇదే ప్రధాన వాదన.

వయసు 71 కదా, హెచ్25 కుటుంబంలోంచి ఏదో ఒకటి వేయొచ్చా అంటే, అదీ కుదరదు. వయసు చూసి "ఏజ్ రిలేటెడ్" అని మనం తీర్మానించకూడదు. డాక్టర్ "ఏజ్ రిలేటెడ్" అనో "సెనైల్" అనో, లేదా ఇండెక్స్ మనల్ని నేరుగా హెచ్25కి పంపే రకం పేరో రాయాలి. ఉత్త "కేటరాక్ట్" అంటే హెచ్26.9. దానికి ఏ కన్నో చెప్పే అక్షరం కూడా లేదు.

సీక్వెన్స్ విషయంలో ఆడిటర్ చెప్పింది నూటికి నూరుపాళ్లు నిజం. హెచ్26.23- దగ్గర ట్యాబులర్‌లో (కోడ్‌ల వరుసలో ఉండే జాబితా) "కోడ్ ఫస్ట్ అండర్‌లైయింగ్ గ్లకోమా, హెచ్40 నుంచి హెచ్42" అని నోట్ ఉంది. అంటే గ్లకోమా కోడ్ లేకుండా ఈ కోడ్ ఒంటరిగా పోకూడదు, ముందు వరుసలోనూ పోకూడదు. ఈ నోట్ అయిదక్షరాల స్థాయిలో, అంటే హెచ్26.23 శీర్షిక కింద ఉంటుంది. మీరు ఎన్‌కోడర్‌లో నేరుగా హెచ్26.231 కొట్టి ఆ ఒక్క లైనే చూస్తే నోట్ కంట పడకపోవచ్చు. ఒక మెట్టు పైకెక్కి చూడటం అలవాటు చేసుకోండి. పక్కనున్న హెచ్26.21-, హెచ్26.22-లకు ఉన్నది "కోడ్ ఆల్సో" మాత్రమే. "కోడ్ ఆల్సో" రెండు కోడ్‌లు అడుగుతుంది కానీ ఏది ముందో చెప్పదు. "కోడ్ ఫస్ట్" వరుసను కూడా శాసిస్తుంది. మీ రిపోర్ట్‌లో ఆడిటర్ దీన్ని సీక్వెన్సింగ్ ఎర్రర్‌గా పెట్టింది అందుకే. అయితే హెచ్26.231 అసలే పడని చార్ట్‌లో ఆ కోడ్ సీక్వెన్స్‌కి ఇంకో ఎర్రర్ విడిగా లెక్కించడం న్యాయం కాదు. ఒకే తప్పుకు రెండుసార్లు పాయింట్లు కోశారని రిబటల్‌లో మర్యాదగా అడగండి.

ఇక గ్లకోమా కోడ్. అసలు పని ఇక్కడే ఉంది, ఎక్కువ తప్పులు పడేదీ ఇక్కడే. రకం, కన్ను, స్టేజ్ అనే మూడూ కావాలి. కానీ మూడూ అన్ని కోడ్‌లలో ఉండవు.

ఫ్లెక్స్‌కు సహజంగా జోడీ అయ్యేది హెచ్40.2-, అంటే ప్రైమరీ యాంగిల్ క్లోజర్ కుటుంబం. అందులో అక్యూట్ అటాక్ హెచ్40.21-. దీనికి ఆరక్షరాలే: కుడికి హెచ్40.211, ఎడమకు హెచ్40.212, రెండింటికీ హెచ్40.213. స్టేజ్ అక్షరం లేదు. ఏడో అక్షరం తగిలించి హెచ్40.2110 అని వేస్తే చెల్లని కోడ్, క్లియరింగ్ హౌస్‌లోనే (క్లెయిమ్‌లను ఇన్సూరెన్స్‌కు చేర్చే మధ్య సంస్థ) తిరిగొస్తుంది. క్రానిక్ యాంగిల్ క్లోజర్ హెచ్40.22-. దీనికి ఏడో అక్షరం తప్పనిసరి. కుడి కన్ను, మైల్డ్ అయితే హెచ్40.2211. హెచ్40.211, హెచ్40.2211 చూడ్డానికి అన్నదమ్ముల్లా ఉంటాయి, ఒక 2 తేడా. రాత్రి షిఫ్ట్‌లో 40 చార్ట్‌లు దాటాక కంటికి ఆ తేడా ఆనదు. ఇంటర్మిటెంట్ రకం హెచ్40.23-కీ, రెసిడ్యువల్ స్టేజ్ హెచ్40.24-కీ కూడా స్టేజ్ అక్షరం లేదు.

స్టేజ్ అక్షరాలు ఇవి: మైల్డ్ 1, మాడరేట్ 2, సివియర్ 3, ఇన్‌డిటర్మినేట్ 4, చెప్పకపోతే 0. చివరి రెండింటి మధ్య తేడా చాలామందికి తెలియదు. 4 వేయాలంటే స్టేజ్ తేల్చలేకపోతున్నానని డాక్టర్ అనాలి. పేషెంట్ ఫీల్డ్ టెస్ట్ (చూపు ఎంత మేర ఉందో చూసే పరీక్ష) చేయలేకపోవచ్చు, చేసినా ఫలితం నమ్మదగినట్టు లేకపోవచ్చు. డాక్టర్ స్టేజ్ ఊసే ఎత్తకపోతే 0. ఊసెత్తని చోట 4 వేయడం తప్పు. ఎందుకంటే 4 అన్నది డాక్టర్ ఆలోచించి చెప్పిన మాట, 0 అన్నది డాక్టర్ మౌనం.

ఫీల్డ్ ప్రింటవుట్ చూసి మనమే స్టేజ్ వేయకూడదు. కానీ డాక్టర్ రాసిన స్టేజ్‌కీ, రాసిన ఫీల్డ్ ఫలితానికీ పొంతన లేకపోతే గుర్తుపట్టాలి, అందుకే లెక్క తెలిసి ఉండాలి. ఆప్టిక్ నర్వ్‌లో గ్లకోమా మార్పులుండి, మామూలు వైట్ ఆన్ వైట్ ఫీల్డ్ బాగుంటే మైల్డ్. ఒక అర్ధభాగంలో, అంటే పైనో కిందో, లోపం ఉండి అది మధ్య బిందువుకు 5 డిగ్రీల లోపలికి రాకపోతే మాడరేట్. రెండు అర్ధభాగాల్లోనూ లోపం ఉంటే, లేదా ఏ ఒక్క భాగంలోనైనా లోపం మధ్యలోని 5 డిగ్రీల లోపలికి వస్తే సివియర్. "మైల్డ్" అని రాసి, ఫీల్డ్ దగ్గర "సుపీరియర్, ఇన్ఫీరియర్ ఆర్క్యుయేట్" అని రాసి ఉంటే క్వెరీ పంపండి.

రెండు కళ్లకూ ఒకే రకం, ఒకే స్టేజ్ అయితే బైలేటరల్ కోడ్ ఒక్కటి చాలు. రకం ఒకటైనా స్టేజ్ వేరైతే కన్నుకో కోడ్. కుడి మైల్డ్, ఎడమ సివియర్ క్రానిక్ యాంగిల్ క్లోజర్ అయితే హెచ్40.2211, హెచ్40.2223. ఇలాంటి చోట "ఎక్కువ స్టేజ్ వేసేస్తే పోలా" అని ఒక ఆలోచన తిరుగుతుంటుంది. అది ఇన్‌పేషెంట్‌గా ఉన్న సమయంలో స్టేజ్ ముదిరితే వేసే నియమం, రెండు కళ్ల మధ్య పోలికకు కాదు.

అమీర్‌పేట కోచింగ్ సెంటర్ల చుట్టుపక్కల జెరాక్స్ షాపుల్లో తిరిగే నోట్సులో ఇప్పటికీ ఓపెన్ యాంగిల్‌కు హెచ్40.11ఎక్స్1 అని కనిపిస్తుంది. అది 2016 అక్టోబర్ 1తో పోయింది. ఇప్పుడు కన్ను చూపించే అక్షరం వచ్చింది: కుడి హెచ్40.111-, ఎడమ హెచ్40.112-, రెండూ హెచ్40.113-. అదే కుటుంబంలో హెచ్40.10ఎక్స్- ఇంకా పాత పద్ధతిలోనే ఉంది, అక్కడ ఎక్స్ స్థానం నింపడానికే. పాత నోట్సు వాడితే సగం సరి, సగం తప్పు అయ్యేది ఇందుకే. సర్వీస్ తేదీని బట్టి ఆ ఏడాది ఎడిషన్ తీయండి. అమెరికా కోడ్ సంవత్సరం అక్టోబర్ 1న మొదలవుతుంది.

ఇప్పుడు ఫ్లెక్స్ కేసుల్లో వచ్చే చిక్కుముడి. అటాక్ వచ్చి ఆరు నెలలైంది, లేజర్ చేశారు, ఒత్తిడి అదుపులో ఉంది. ఇవాళ్టి విజిట్‌లో డాక్టర్ "గ్లకోమ్‌ఫ్లెకెన్ ఓడీ, హిస్టరీ ఆఫ్ అక్యూట్ యాంగిల్ క్లోజర్" అని రాశారు. ముందు ఏ గ్లకోమా కోడ్ వేయాలి? హెచ్40.211 వేయకూడదు, ఇవాళ అటాక్ లేదు. జెడ్86.69, అంటే జ్ఞానేంద్రియాల పాత జబ్బు హిస్టరీ, కోడ్ ఫస్ట్ నోట్‌ను తీర్చదు. నోట్ అడిగేది హెచ్40 నుంచి హెచ్42 వరకు ఉన్నదే. కాబట్టి ఇవాళ ఆ కంటి స్థితి ఏమిటో డాక్టర్ చెప్పాలి. నర్వ్ దెబ్బతిని క్రానిక్‌గా మారితే హెచ్40.22-. దెబ్బతినలేదు కానీ యాంగిల్ మూసుకుపోయిందంటే "ప్రైమరీ యాంగిల్ క్లోజర్ వితౌట్ గ్లకోమా డ్యామేజ్", కుడికి హెచ్40.061. రెసిడ్యువల్ అని రాస్తే హెచ్40.241. ఇవన్నీ హెచ్40లోనే ఉన్నాయి కాబట్టి నోట్ తీరుతుంది. అటాక్ రాని రెండో కంట్లో యాంగిల్ ఇరుకుగా ఉందని రాస్తే దానికి విడిగా హెచ్40.032. ఈ కాంబినేషన్ మీకు తరచూ కనిపిస్తుంది: హెచ్40.2211, హెచ్26.231, హెచ్40.032.

అటాక్ జరిగిన రోజే ఫ్లెక్స్ కోడ్ కనిపిస్తే ఆగి చూడండి. ఆ రోజు కార్నియా ఉబ్బి మసకబారి ఉంటుంది, లెన్స్ సరిగా కనిపించదు. మచ్చలు సాధారణంగా తర్వాతి విజిట్లలో నోట్ అవుతాయి. అలాగే హెచ్26.233, అంటే రెండు కళ్లలో ఫ్లెక్స్, అరుదుగా పడాలి. అటాక్ ఎక్కువగా ఒక కంటికే వస్తుంది. చార్ట్‌లో "ఓయూ" (రెండు కళ్లు) అని ఉండి, పాత నోట్లన్నీ "ఓడీ" అని ఉంటే, ఎవరో టెంప్లేట్ కాపీ చేశారని అనుమానించండి. గ్లకోమా కోడ్ ఒక కంటిది, ఫ్లెక్స్ కోడ్ ఇంకో కంటిది అయిన క్లెయిమ్‌లు కూడా వస్తుంటాయి. చార్ట్ క్లోజ్ చేసే ముందు ఆరో అక్షరాలు రెండూ పక్కపక్కన పెట్టి చూడటానికి మూడు సెకన్లు చాలు.

డాక్టర్ "ప్రాబబుల్ గ్లకోమ్‌ఫ్లెకెన్" అనో ప్రశ్నార్థకం పెట్టో రాస్తే, అవుట్‌పేషెంట్‌లో వేయకూడదు. సెక్షన్ 4.హెచ్ చూడండి. అంతకంటే గట్టిగా తెలిసినది ఏదో దాన్నే వేయాలి.

కారణం తిరగబడిన కేసులు ఇంకో రకం. ఫ్లెక్స్‌లో గ్లకోమా వల్ల లెన్స్ చెడింది. ఫేకోలిటిక్, ఫేకోమార్ఫిక్ గ్లకోమాల్లో లెన్స్ వల్ల గ్లకోమా వచ్చింది. ముదిరిపోయిన శుక్లం చార్ట్‌లు హైదరాబాద్ ఆస్పత్రుల్లో అమెరికా చార్ట్‌లలో కంటే ఎక్కువ కనిపిస్తాయి కాబట్టి, ఇక్కడ ఆస్పత్రి సైడ్ పనిచేసి యూఎస్ కోడింగ్‌కి మారినవాళ్లు ఈ రెండు దిశలనూ కలిపేస్తుంటారు. ఫేకోలిటిక్ అయితే హెచ్40.5-, దానితోపాటు కారణమైన లెన్స్ జబ్బు. ఎడమ కన్ను, సివియర్, మోర్గానియన్ (బాగా ముదిరిన రకం) శుక్లం అని రాసి ఉంటే హెచ్40.52ఎక్స్3, హెచ్25.22. ఇక్కడ నోట్ "కోడ్ ఆల్సో", వరుస ఆ ఎన్‌కౌంటర్ దేనికోసమో దాన్నిబట్టి. హెచ్26.23-కి ఇందులో పనే లేదు.

స్టెరాయిడ్ కేసు ఇంకోటి. నోటి ద్వారా ప్రెడ్నిసోలోన్ వాడి కుడి కంట్లో శుక్లం, గ్లకోమా రెండూ వచ్చాయని డాక్టర్ రాస్తే రెండూ మందు వల్లే, ఒకదానివల్ల ఒకటి కాదు. హెచ్40.61ఎక్స్- స్టేజ్‌తో, హెచ్26.31, వాటి తర్వాత మందు దుష్ప్రభావాన్ని చూపే టీ38.0ఎక్స్5ఏ. స్టెరాయిడ్ కంటి చుక్కల వల్ల అయితే టీ కోడ్ మారుతుంది: టీ49.5ఎక్స్5ఏ. డ్రగ్ టేబుల్‌లో మందు పేరు కింద "ఆప్తాల్మిక్" అన్న ఉప వరుస చూడకుండా మొదటి వరుసే తీసుకోవడం ఇక్కడ మామూలు పొరపాటు.

అన్నింటికంటే ఎక్కువగా ఎదురయ్యేది మాత్రం సాదా కేసు. ఏళ్ల తరబడి ఓపెన్ యాంగిల్ గ్లకోమా, చుక్కలు వాడుతున్నారు, వయసుతో న్యూక్లియర్ స్క్లెరోసిస్ (లెన్స్ మధ్య భాగం గట్టిపడే శుక్లం) వచ్చింది. రెండు కళ్లూ మాడరేట్ అయితే హెచ్40.1132, హెచ్25.13. అంతే. ఈ రెండింటికీ బంధుత్వం కలపకండి. న్యూక్లియర్, కార్టికల్ లాంటి వయసు శుక్లాలు రెండు కలిసి ఉంటే హెచ్25.81-, కంబైన్డ్ ఫామ్స్. ఫ్లెక్స్ ప్లస్ న్యూక్లియర్ మాత్రం కంబైన్డ్‌లోకి రాదు, ఎందుకంటే ఫ్లెక్స్ వయసు శుక్లం కాదు. డాక్టర్ రెండూ రాస్తే రెండూ విడిగా వేయాలి: హెచ్40.2211, హెచ్26.231, హెచ్25.11.

సర్జరీ క్లెయిమ్‌లో ఇది డబ్బుతో ముడిపడుతుంది. 66984తో (శుక్లం తీసి కృత్రిమ లెన్స్ పెట్టే ఆపరేషన్ కోడ్) పాటు ఫ్లెక్స్ కోడ్ వచ్చినప్పుడు ఆపరేషన్ అసలు దేనికి చేశారో ఆపరేటివ్ నోట్‌లో చదవండి. ఫ్లెక్స్ ఒక్కటే చూపును ఆపరేషన్ దాకా తగ్గించడం తక్కువ. ఎక్కువసార్లు న్యూక్లియర్ శుక్లం కోసమో, యాంగిల్ తెరుచుకోవడానికో లెన్స్ తీస్తారు. 2016లో లాన్సెట్‌లో వచ్చిన ఈగిల్ ట్రయల్ తర్వాత శుక్లం లేని లెన్స్‌ను కూడా యాంగిల్ క్లోజర్ చికిత్సగా తీయడం పెరిగింది. అలాంటి కేసులో శుక్లం డయాగ్నోసిస్ లేకపోతే క్లెయిమ్ ఆగుతుందన్న భయంతో, ఎగ్జామ్‌లో మూలన ఉన్న ఏఎస్‌సీ మాట పట్టుకుని హెచ్26.231 వేయాలన్న ఒత్తిడి బిల్లింగ్ వైపు నుంచి వస్తుంది. వేయకండి. అది డాక్టర్ చెప్పని జబ్బుకు డబ్బు అడగడం. ఆడిట్‌లో బయటపడితే రిఫండ్ క్లయింట్ కడతారు, మాట మీకు పడుతుంది.

సీఎంఎస్-1500 ఫారంలో (అమెరికా క్లెయిమ్ ఫారం) 21వ గడిలో గ్లకోమా ఏ స్థానంలో, ఫ్లెక్స్ బీ స్థానంలో ఉండాలి. కోడ్ ఫస్ట్ నోట్ తీరేది అక్కడే. 24ఈ పాయింటర్ వేరే పని చేస్తుంది, ఆ లైన్‌లోని సర్వీస్ ఏ జబ్బుకో అది చూపిస్తుంది. కాబట్టి సర్జరీ లైన్‌కు లెన్స్ కోడ్ పాయింటర్ తప్పకుండా ఉండాలి. పాయింటర్లలో ఏది ముందుండాలన్నది పేయర్ (ఇన్సూరెన్స్ సంస్థ) ఎడిట్‌ను బట్టి ఉంటుంది, క్లయింట్ నుంచి రాతపూర్వకంగా తీసుకోండి.

రెండు కళ్లలోనూ శుక్లం ఉండి వేర్వేరు రోజుల్లో ఆపరేషన్ అయితే: మొదటి కంటికి చేసిన రోజు బైలేటరల్ కోడే వేయాలి, ఆ రోజుకు జబ్బు రెండు కళ్లలోనూ ఉంది కదా. రెండో దానికి వచ్చినప్పుడు మిగిలిన కంటి కోడ్ మాత్రమే. సెక్షన్ 1.బి.13లో ఈ మాట స్పష్టంగా ఉంది. లెన్స్ తీసేశాక ఆ కంటికి హెచ్26.23- ఇంక ఎప్పుడూ రాకూడదు, మచ్చ లెన్స్‌తోనే పోయింది. పాత ప్రాబ్లమ్ లిస్ట్‌లోంచి అది ఏళ్ల తరబడి మోసుకొస్తుంటుంది. జెడ్96.1 (కృత్రిమ లెన్స్ ఉందని చెప్పే కోడ్) ఉన్న కంటికి ఫ్లెక్స్ కోడ్ కనిపిస్తే వెంటనే తీసేయండి. ట్రాబెక్యులెక్టమీ (గ్లకోమా ఆపరేషన్) అయి బ్లెబ్ (దాని వల్ల ఏర్పడే చిన్న ఉబ్బు) ఉంటే జెడ్98.83 కూడా చూసుకోండి.

క్వెరీ ఎలా రాయాలో అడిగారు. దారి చూపించే ప్రశ్న కాకూడదు, డబ్బు ఊసు రాకూడదు. మీ చార్ట్‌కు ఇలా ఉంటే సరిపోతుంది: "ఫలానా తేదీ విజిట్‌లో కుడి కన్ను లెన్స్ దగ్గర యాంటీరియర్ సబ్‌క్యాప్సులర్ ఒపాసిటీస్, ఐరిస్ దగ్గర సెక్టోరల్ అట్రోఫీ, పేటెంట్ పీఐ నమోదయ్యాయి. అసెస్‌మెంట్‌లో కేటరాక్ట్ ఓడీ, గ్లకోమా ఓడీ అని ఉంది. మీ క్లినికల్ అభిప్రాయంలో లెన్స్ ఒపాసిటీ రకం, కారణం తెలపగలరు: గ్లకోమాటస్ ఫ్లెక్స్, వయసుతో వచ్చిన శుక్లం (ఏ రకమో), ఇతర కంటి జబ్బు వల్ల, మందు వల్ల, మరేదైనా, నిర్ణయించలేం. గ్లకోమా రకం, ప్రస్తుత స్థితి, స్టేజ్ కూడా తెలపగలరు." రెండు ప్రశ్నలూ ఒకే క్వెరీలో పెట్టండి. విడివిడిగా పంపితే రెండోదానికి జవాబు రావడం కష్టం. జవాబు వచ్చాక డాక్టర్ చార్ట్‌లో అడెండమ్ (తర్వాత చేర్చే నోట్) వేయాలి. మెయిల్‌లో "యెస్" అని వచ్చిన మాట మీద కోడ్ మార్చకండి. మీ క్లయింట్ క్వెరీలు ఒప్పుకోకపోతే హెచ్26.9, హెచ్40.9తో చార్ట్ పంపి, నోట్స్ గడిలో కారణం ఒక వాక్యంలో రాయండి.

చివరగా ఒక చిన్న సంగతి, ఇవే కోడ్‌లు మన ఆస్పత్రి క్లెయిమ్‌కు వాడొచ్చా అని కింద కామెంట్లలో ఇంకొకరు అడిగారు కాబట్టి. బంజారాహిల్స్‌లోనో మెహదీపట్నంలోనో మన ఆస్పత్రి క్లెయిమ్ ఫారంకు ఈ ఆరక్షరాల కోడ్‌లు వాడకండి. అక్కడ అడిగేది ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10 అయితే ఫ్లెక్స్ కూడా హెచ్26.2లోనే పడుతుంది, కుడి ఎడమల తేడా కోడ్‌లో ఉండదు. ప్రైమరీ యాంగిల్ క్లోజర్ హెచ్40.2, ఓపెన్ యాంగిల్ హెచ్40.1, స్టేజ్ అక్షరం లేదు. ఏ కన్ను అన్నది డయాగ్నోసిస్ గడిలో మాటల్లో రాయాలి, లేదంటే టీపీఏ డెస్క్ నుంచి అదే ప్రశ్న వెనక్కి వస్తుంది.